గోల్‌కీపర్‌ని తయారుచేయాలంటే: పర్లాకిమిడి నుంచి ఒక డ్రిల్లు మాస్టారు

ఫుట్‌బాల్ గోల్‌కీపర్‌కి మొదటి పాఠం చెప్పే రోజున బంతి పక్కన పెట్టి తాడు పట్టుకోండి. నూతికి వాడే నైలాన్ తాడు ఎనభై తొంభై అడుగులది ఉంటే చాలు. ఒక కొస ఎడమ పోలు మొదట్లో కట్టండి, రెండో కొస కుడి పోలు మొదట్లో. తాడు నడిమధ్యన పట్టుకుని పెనాల్టీ స్పాట్ (పెనాల్టీ కొట్టేటప్పుడు బంతి పెట్టే చుక్క) దాకా లాక్కెళ్లి, అక్కడో మేకు దిగ్గొట్టి తగిలించండి. మేకు పక్కన బంతి పెట్టండి. నేల మీద త్రికోణం వచ్చింది కదా, తిన్నగా కొట్టిన బంతి గోల్లోకి వెళ్లాలంటే ఆ త్రికోణం లోపలి నుంచే వెళ్లాలి. ఇంకో దారి లేదు.

ఇప్పుడు పిల్లని గోల్ లైను మీద నిలబెట్టి చేతులు బారజాపమనండి. గోలు వెడల్పు 7.32 మీటర్లు, అంటే 24 అడుగులు. పన్నెండేళ్ల పిల్ల చేతులు చాపితే ఐదడుగులు వస్తుంది. అటూ ఇటూ ఎంత ఖాళీ ఉందో తనే చూసుకోవాలి. చూశాక ఒక్కో అడుగూ బంతి వైపు నడవమనండి. నడిచేకొద్దీ తాడు రెండు పక్కల నుంచీ దగ్గరకొస్తుంది. గీతకీ స్పాట్‌కీ సరిగ్గా మధ్యకొచ్చి ఆగితే, ఇంతకుముందు 24 అడుగులున్న ఖాళీ 12 అడుగులైపోయి ఉంటుంది. అక్కడ పిల్ల మొహం చూడండి. ‘ఇంత గోలు నేనెలా కాస్తాను’ అన్న భయం కొంత దిగిపోతుంది. దూకకుండా, గెంతకుండా, ఉత్తినే నడిచి సగం గోలు మూసేసింది మరి.

తర్వాత మేకు పీకి బంతిని పెనాల్టీ బాక్సు (గోలు ముందు గీసిన పెద్ద గడి) ఎడమ మూలకి జరపండి. తాడు చాలకపోతే ఇంకో ముక్క కలపండి. పిల్ల అలవాటు కొద్దీ గోలు మధ్యనే నిలబడి ఉంటుంది. తాడు చూస్తే ఒక పక్క జాగా ఎక్కువ, ఒక పక్క తక్కువ. ఏమీ చెప్పకండి. తనే జరిగి సర్దుకోవాలి. రెండు తాళ్ల మధ్య సరిగ్గా నిలబడడం కాలికి అలవాటయ్యేదాకా, ఒక నెలైనా సరే, వారానికి రెండు రోజులు ఈ తాడు పని చేయించండి. చివర్లో ఒక జాగ్రత్త చెప్పాలి. మరీ ముందుకొస్తే నెత్తి మీంచి లేపేస్తారు. అందుకని ఒకసారి మీరే బంతిని పైనుంచి వేసి చూపించండి. ఎంత ముందుకి రావచ్చో దానికే తెలుస్తుంది.

నేను మా పర్లాకిమిడిలో డ్రిల్లు మాస్టారుగా పనిచేసి రిటైరయ్యాను. మహేంద్రతనయ దాటితే పాతపట్నం, ఆంధ్రా. ఇటు గజపతి జిల్లా, ఒడిశా. మా గ్రౌండుకి తెలుగు పిల్లలు, ఒడియా పిల్లలు, కొండల మీంచి దిగొచ్చే సవర పిల్లలు అందరూ వస్తారు. కోచింగ్ సెంటర్లు బరంపురంలోనో భువనేశ్వర్‌లోనో ఉంటాయి గానీ, ఇలాంటి ఊళ్లలో గోల్‌కీపర్‌కి విడిగా నేర్పేవాడు ఉండడు. పదిమంది షూటింగ్ చేస్తుంటే ఒకడు గోల్లో నిలబడి బంతులు ఏరుకొస్తుంటాడు, అదే వాడి ప్రాక్టీసు. ఇది మారాలనే నా తాపత్రయం. గుణుపురంలో, రాయగడలో, కాశీనగర్‌లో నాలాంటి మాస్టార్లకీ, పిల్లల తల్లిదండ్రులకీ ఉపయోగపడాలని రాస్తున్నాను.

తంగరాజ్ నుంచి నేర్చుకునేది

ఒకప్పటి మన దేశపు గోల్‌కీపర్ పీటర్ తంగరాజ్ గురించి మన పిల్లలకి చెప్పండి. మన హైదరాబాద్‌లో 1935లో పుట్టాడు. సికింద్రాబాద్ క్లబ్బుల్లో ఆడి, 1953లో సైన్యంలో మద్రాస్ రెజిమెంటల్ సెంటర్‌లో చేరాడు. మొదట ఆడింది సెంటర్ ఫార్వర్డు, అంటే ముందుండి గోల్స్ కొట్టేవాడు. ఆ తర్వాతే గోల్లోకి మారాడు. ఆ రెజిమెంటల్ సెంటర్ జట్టు 1955లో, మళ్లీ 1958లో డ్యూరాండ్ కప్పు టోర్నీ గెలిచింది. 1956 మెల్‌బోర్న్, 1960 రోమ్ ఒలింపిక్స్ రెండింటికీ వెళ్లాడు. 1958లో ఆసియాలోనే ఉత్తమ గోల్‌కీపర్ అనిపించుకున్నాడు. 1962 సెప్టెంబరు 4న జకార్తాలో దక్షిణ కొరియా మీద 2-1తో గెలిచి ఏషియన్ గేమ్స్ బంగారు పతకం తెచ్చిన జట్టుకి కోచ్ మన హైదరాబాద్ రహీమ్ సాహెబ్, గోల్లో నిలబడినవాడు తంగరాజ్. 1967లో అర్జున అవార్డు. కలకత్తాలో మహమ్మడన్ స్పోర్టింగ్, మోహన్ బగాన్, ఈస్ట్ బెంగాల్ మూడింటికీ ఆడాడు. 1971లో ఆట మానేసి కోచింగ్‌లోకి వెళ్లాడు. 2008లో బొకారోలో పోయాడు.

ఆ జీవితంలో నాకు పనికొచ్చిన ముక్క, ఆయన ఫార్వర్డుగా మొదలుపెట్టాడన్నది. గోలు కొట్టేవాడి బుర్ర ఎలా ఆలోచిస్తుందో తెలిసినవాడికి గోలు కాయడం తేలిక. ఇటలీ గోల్‌కీపర్ బుఫాన్ కూడా చిన్నప్పుడు మైదానం మధ్యలో ఆడే మిడ్‌ఫీల్డరే. 1990 ప్రపంచ కప్పులో కామెరూన్ గోల్‌కీపర్ ఎన్‌కోనో ఆట చూసి, పన్నెండేళ్ల వయసులో గోల్లోకి మారాడు. 2006లో ప్రపంచ కప్పు గెలిచాడు, ఆ టోర్నీ మొత్తంలో అతని గోల్లోకి వెళ్లినవి రెండే: ఒకటి సొంత జట్టువాడు వేసుకున్నది, ఇంకోటి ఫైనల్లో ఫ్రాన్స్ ఆటగాడు జిదాన్ పెనాల్టీ.

కాబట్టి ఎనిమిదేళ్ల పిల్లకి గ్లవ్స్ తొడిగి ‘నువ్వు గోల్‌కీపర్‌వి’ అని ముద్ర వేసేయకండి. పదకొండు, పన్నెండు ఏళ్ల దాకా అన్ని చోట్లా ఆడనివ్వండి. గోల్లో వంతులు పెట్టండి. ఎవరు బంతికి జడిసి మొహం తిప్పుకోరో, ఎవరు గోలు పడ్డాక కూడా ‘ఇంకోటి కొట్టు’ అంటారో మీకే కనిపిస్తుంది. పొడుగు ఒక్కటీ చూసి ఎంచకండి. ఇంకో కారణం కూడా ఉంది. 1992 నుంచి సొంత జట్టువాడు కాలితో వెనక్కిచ్చిన బంతిని గోల్‌కీపర్ చేత్తో పట్టకూడదు. కాళ్ల పని రాని గోల్‌కీపర్‌కి ఇవాళ జట్టులో చోటు లేదు. మా దగ్గర గోల్‌కీపర్లు ప్రాక్టీసు సగం టైము మిగతావాళ్లతో కలిసి పాసులే ఆడతారు.

చిన్నపిల్లలకి పెద్ద గోలు పెట్టడం అన్యాయం. 8 అడుగుల ఎత్తు పోలు కింద నాలుగున్నర అడుగుల పిల్ల నిలబడితే, పైనుంచి వచ్చిన ప్రతి బంతీ గోలే. అది దాని చేతకానితనం కాదు. రెండు సరుగుడు కర్రలు పదహారు అడుగుల ఎడంలో పాతి, ఆరడుగుల ఎత్తున అడ్డంగా తాడు కట్టండి. బంతి కూడా కొంచెం చిన్నది, నాలుగో నంబరుది ఇవ్వండి. ఐదో నంబరు బంతి 410 నుంచి 450 గ్రాములు ఉంటుంది, వానకి తడిస్తే ఇంకా బరువెక్కుతుంది, లేత వేళ్లు వెనక్కి మడతపడిపోతాయి.

నిలబడడం, పట్టడం, పడడం

కొట్టేవాడి కాలు వెనక్కి వెళ్లిన క్షణంలో గోల్‌కీపర్ రెండు కాళ్లూ నేల మీద ఉండాలి. ఇదొక్కటి నేర్పితే సగం పని అయిపోయినట్టే. మన పిల్లలు బంతి వచ్చేటప్పుడు కూడా నడుస్తూనే ఉంటారు. ఒక కాలు గాల్లో ఉన్నప్పుడు బంతి ఆ కాలు వైపే వస్తే ఏం చేయగలరు? అందుకని నేను పక్కన నిలబడి, కొట్టేవాడి కాలు లేవగానే చప్పట్లు కొడతాను. చప్పట్లు వినగానే ఎక్కడున్నవాళ్లు అక్కడ ఆగిపోవాలి. పాదాలు భుజాలంత ఎడంగా, మోకాళ్లు కొంచెం వంచి, బరువు మునివేళ్ల వైపు, చేతులు నడుము పైన ముందుకి. మడమల మీద నిలబడ్డవాడు వెనక్కే పడతాడు. సరైన చోటు కన్నా ఒక అడుగు తప్పులో ఉన్నా సరే, ఆ క్షణంలో ఆగడమే మేలు.

పట్టడానికి రెండు పద్ధతులు. ఛాతీ పైకి వచ్చే బంతికి వేళ్లు పైకి, రెండు బొటనవేళ్లూ దాదాపు తగులుతూ, అరచేతులు బంతి వెనక్కి వెళ్లాలి. నడుము కిందికి వచ్చేదానికి చేతులు తిరగేసి, చిటికెన వేళ్లు రెండూ కలిపి, బంతిని ఒళ్లోకి లాక్కోవాలి. ఏ బంతికైనా చేతుల వెనక ఇంకేదో ఒకటి అడ్డు ఉండాలి: ఛాతీ, మోకాలు, లేకపోతే పిక్క. జారినా అక్కడ ఆగుతుంది. స్కూలు ప్రహరీ గోడకి ఎదురుగా ఆరడుగుల దూరంలో నిలబెట్టి, మీరు వెనక నుంచి గోడకి బంతి విసరండి. ఎప్పుడొస్తుందో తెలియదు కాబట్టి కళ్లు మూయడానికి టైముండదు. పిల్ల బంతి చూస్తోందో లేదో తెలియాలంటే, బంతి మీద చాక్‌పీసుతో అంకె రాసి, పట్టాక చేతులు తీయకుండా అంకె చెప్పమనండి.

ఇక పడడం. మా గ్రౌండు గరప నేల. ఎండాకాలంలో దాని మీద పడితే తొడ మీద తోలు ఊడిపోతుంది. ఒకసారి దెబ్బ తగిలిన పిల్ల మళ్లీ పడదు, పడినట్టు నటిస్తుంది. కాబట్టి డైవింగ్ మెత్తటి చోటే నేర్పాలి. కోతలయ్యాక గోనెసంచుల్లో వరిగడ్డి కుక్కి, నోళ్లు కుట్టి, నాలుగైదు సంచులు వరసగా పరవండి. లేదా ఏటి ఇసుకలోకి తీసుకెళ్లండి. వేసవిలో మహేంద్రతనయ ఒడ్డున ఇసుక దొరుకుతుంది, పొద్దున్నే వెళ్తే కాలదు.

మొదట కూర్చోబెట్టి పక్కకి ఒరగడం, తర్వాత మోకాళ్ల మీంచి, తర్వాత గొంతుక్కూర్చుని, ఆఖరున నిలబడి. నేలకి ముందు పిక్క పక్క, తర్వాత తొడ, తర్వాత తుంటి పక్క, భుజం తగలాలి, వరసగా దొర్లినట్టు. మోచెయ్యి ఎప్పుడూ ముందు ఆనకూడదు, పొట్ట మీద పడకూడదు. మొహం, ఛాతీ బంతి వైపే ఉండాలి. పక్కకి దూకేటప్పుడు కాలు తిన్నగా పక్కకి కాకుండా కొంచెం ముందుకి, బంతికి ఎదురుగా వేయాలి. వెనక్కి దూకేవాళ్లు గోడ వైపు దూకే బల్లిలా తమ గోల్లోకే వెళ్లిపోతారు. టీవీలో చూసిన గాల్లో ఎగిరే డైవులు పిల్లలకి మహా ఇష్టం. వద్దని అనకండి, కానీ ఒకటి అడగండి: ‘రెండడుగులు ముందే జరిగి ఉంటే ఈ దూకుడు అవసరమయ్యేదా?’ తాడు పని బాగా చేసిన పిల్లలకి డైవులు తక్కువ పడతాయి. మంచి గోల్‌కీపర్ ఆట చూసేవాళ్లకి చప్పగా అనిపించాలని నా నమ్మకం.

అరవాలి

సరిహద్దు ఊళ్లలో మన కష్టం ఇంకెక్కడా ఉండదు. నా జట్టులో బ్యాకులు (గోలు ముందు అడ్డుకునేవాళ్లు) ఒకడు సవర, ఒకడు ఒడియా, గోల్‌కీపర్ తెలుగు. వాడు భయంలో నోటికొచ్చిన తెలుగులో అరుస్తాడు, బ్యాకు తిరిగి చూసేలోగా బంతి లోపల. అందుకని సీజన్ మొదట్లోనే జట్టంతా కూర్చుని అరుపులు తేల్చుకోండి. మేం మూడే పెట్టుకున్నాం. ‘కీపర్’ అంటే నేనొస్తున్నాను, అందరూ తప్పుకోండి. ‘ఎవే’ అంటే నేను రావట్లేదు, బయటికి కొట్టేయ్. ‘టైమ్’ అంటే నీ మీద ఎవరూ లేరు, నిదానంగా ఆడు. ‘నాది’, ‘వదిలేయ్’ లాంటివి ఏ భాషలోనూ వద్దు. ఎదుటివాణ్ణి మోసం చేయడానికి అరిచారని రిఫరీ అనుకుంటే ఫౌలు ఇస్తాడు.

సిగ్గుపడే పిల్లలకి అరవడం నేర్పడం డైవింగ్ కన్నా కష్టం. ఇంట్లో పెద్దవాళ్ల ముందు గొంతెత్తకూడదని పెరిగిన ఆడపిల్లలకి మరీను. వాళ్ల అమ్మానాన్నలకి చెప్తాను, ‘గ్రౌండులో గట్టిగా అరుస్తోందంటే అది దాని డ్యూటీ, తిట్టకండమ్మా’ అని. ప్రాక్టీసులో ఒక నియమం పెట్టండి: అరవకుండా పట్టిన బంతి లెక్కలోకి రాదు. తొందరగానే గొంతులు లేస్తాయి.

ఇంకో రూలు కూడా నేర్పి ఉంచండి. 2025 జులై నుంచి అమల్లోకి వచ్చిన నిబంధన ప్రకారం గోల్‌కీపర్ బంతిని చేతుల్లో ఎనిమిది సెకన్లు దాటి ఉంచుకుంటే, ఎదుటి జట్టుకి కార్నర్ (మైదానం మూల నుంచి కొట్టే కిక్) ఇస్తారు. చివరి ఐదు సెకన్లూ రిఫరీ చెయ్యెత్తి వేళ్లతో లెక్కపెడతాడు. పెనాల్టీలో కొట్టే క్షణానికి ఒక కాలైనా గీత మీదో, గీతకి తిన్నగానో, వెనకో ఉండాలి.

గ్లవ్స్ గురించి ఎక్కువ చెప్పను. మొదటి ఏడాది చవకవి చాలు. వేలి కొసకి కొంచెం ఖాళీ ఉండేట్టు కొనండి, ఆటకి ముందు కాస్త తడపండి, తడి రబ్బరుకే పట్టు ఎక్కువ. ఉతికాక ఎండలో వేయకండి, పెళుసెక్కి రాలిపోతాయి. నీడలో ఆరాలి.

తలకి దెబ్బ గురించి మాత్రం ఖచ్చితంగా ఉండండి. చెల్సీ గోల్‌కీపర్ పీటర్ చెక్‌కి 2006 అక్టోబరులో ఎదుటివాడి మోకాలు తగిలి పుర్రె ఎముక విరిగింది. బతికి బయటపడి, 2019లో రిటైరయ్యేదాకా తలకి మెత్తటి టోపీ పెట్టుకునే ఆడాడు. మన టోర్నమెంట్లలో, మేకపోతు ప్రైజు పెట్టిన మ్యాచ్‌ల్లో అయితే మరీ, తల తిరుగుతున్న గోల్‌కీపర్ మొహం మీద నీళ్లు కొట్టి మళ్లీ నిలబెడతారు. అలా చేయకండి. తలకి దెబ్బ తగిలి బిత్తరచూపులు చూసినా, వాంతి అయినా, స్కోరెంతో చెప్పలేకపోయినా ఆ రోజుకి ఆట ఆపేసి డాక్టరుకి చూపించాలి. మ్యాచ్ ఓడిపోనివ్వండి.

ఇంట్లోవాళ్లకి

గోల్‌కీపర్ తల్లిదండ్రులకి ఓపిక ఎక్కువ కావాలి. ఫార్వర్డు పది తప్పులు చేసి ఒక గోలు కొడితే భుజాల మీద ఎత్తుకుంటారు. గోల్‌కీపర్ పది ఆపి ఒకటి వదిలితే ఆ ఒక్కటే ఊరంతా చెప్పుకుంటారు. మన దేశపు గోల్‌కీపర్ సుబ్రతా పాల్ సంగతి చెప్తాను. 2011 ఏషియన్ కప్పులో మన జట్టు ఆస్ట్రేలియా మీద 0-4, బహ్రెయిన్ మీద 2-5, దక్షిణ కొరియా మీద 1-4తో ఓడింది. మూడు మ్యాచ్‌ల్లో 13 గోల్స్. అయినా ఆ టోర్నీ నుంచే అతనికి ‘స్పైడర్‌మ్యాన్’ అన్న పేరొచ్చింది. ఎన్ని పడ్డాయన్నది కాదు, పడాల్సినవి ఎన్ని ఆపాడన్నది చూసినవాళ్లు పెట్టిన పేరది. మ్యాచ్ అయ్యాక ఇంటికొచ్చిన పిల్లని ‘ఎన్ని తిన్నావు?’ అని అడగకండి. ‘ఆకలేస్తోందా?’ అని అడిగి అన్నం పెట్టండి. తప్పుల సంగతి మర్నాడు గ్రౌండులో తాడు కట్టి చూసుకుంటాం.

ఇంకో ఓపిక వయసు విషయంలో. గోల్‌కీపర్ ఆలస్యంగా పండుతాడు, ఆలస్యంగా దిగిపోతాడు. ఇటలీ గోల్‌కీపర్ డినో జోఫ్ 1982లో ప్రపంచ కప్పు ఎత్తినప్పుడు అతనికి నలభై ఏళ్లు. బుఫాన్ 2023లో 45 ఏళ్లకి ఆట మానేశాడు. పదహారేళ్లకి జిల్లా జట్టులో పేరు రాలేదని బూట్లు అటక మీద పడేయించకండి. అదే సమయంలో చదువు మానిపించకండి. 2025లో రిటైరైన మన దేశపు గోల్‌కీపర్ అదితి చౌహాన్ ఇంగ్లండ్‌లో లఫ్‌బరో యూనివర్సిటీలో స్పోర్ట్స్ మేనేజ్‌మెంట్ చదవడానికి వెళ్లి వెస్ట్ హామ్ అమ్మాయిల జట్టుకి ఆడింది. తంగరాజ్‌కి సైన్యం ఎలా అన్నం పెట్టిందో, ఇప్పటికీ సైన్యం, రైల్వే, పోలీసు జట్లు అలా ఆదుకుంటాయి. వాటికి కూడా చదువు సర్టిఫికెట్లు కావాలి. మన ఒడిశాలో ఆడపిల్లల ఫుట్‌బాల్‌కి దేశంలోనే మంచి పేరుంది, ఒడిశా ఎఫ్‌సీ అమ్మాయిలు 2023-24లో ఇండియన్ విమెన్స్ లీగ్ గెలిచారు. ఆడపిల్ల గోల్‌కీపర్ అవుతానంటే ఇక్కడున్నంత దారి చాలా చోట్ల లేదు.

సరిహద్దువాళ్లు కాగితాల దగ్గర దెబ్బతింటున్నారు. తండ్రి పాతపట్నంలో, తల్లిగారి ఊరు ఇటు, బర్త్ సర్టిఫికెట్ అక్కడిది, స్కూలు ఇక్కడిది. ఆంధ్రా కాగితంలో ఇంటిపేరు ముందుంటుంది, ఇక్కడి స్కూలు రిజిస్టరులో చివర ఉంటుంది, ఆధార్‌లో పొడి అక్షరంగా ఉంటుంది. సెలక్షన్ రోజున ముగ్గురు వేర్వేరు పిల్లలనుకుంటారు. పదేళ్లప్పుడే మూడు కాగితాల్లో పేరు, పుట్టిన తేదీ ఒకేలా చేయించండి. ఏ రాష్ట్రం తరఫున ఆడాలో కూడా అప్పుడే తేల్చుకోండి. వయసు తగ్గించి రాయించే పని మాత్రం పెట్టుకోకండి. పెద్ద టోర్నీల్లో మణికట్టు ఎముక పరీక్ష చేస్తారు.

ఇవన్నీ ఒక్క మాస్టారు చేయలేడు. మీ ఊళ్లో ఒకప్పుడు గోల్లో ఆడినవాడు ఎవరో ఒకరు ఉంటారు, మిల్లులోనో, బ్యాంకులోనో, కొట్లోనో. తంగరాజ్ అంతటివాడే ఆట మానేశాక గోవాలో, బొకారోలో పిల్లల్ని తయారుచేశాడు. వెళ్లి అడగండి. జట్టంతా అప్పజెప్పకండి, జడుస్తారు. ‘అన్నా, వారానికి ఒక్క పొద్దున్న రా, జట్టు దిగకముందు అరగంట, గోల్‌కీపర్లు ముగ్గుర్నీ నీకిస్తాం’ అనండి. బంతులు ఆరు, తాడు ఒకటి, మేకులు నాలుగు ముందు రోజే సిద్ధం చేసి ఉంచండి. పోల్స్ దగ్గర గుంటలు పడితే మట్టి పోయించండి. పిల్లలకి ఆయన పేరు చెప్పి, ఆయన ఏ జట్టుకి ఆడాడో చెప్పండి.